వాలీబాల్ వినుటకు గల మార్గములు

మా కాలేజీలో వాలీబాల్ చూడటాన్ని నిషేధించారని, ఇకమీదట ఎవరైనా వినాల్సిందేనని మా పక్కింటి పేరమ్మత్త చెప్పింది. ఆమెకు పాలకేంద్రంలో వెన్నశాతం చూపించుకునే వరసలో ఎవరో చెప్పారట. ఆ ఎవరికో కాలేజీ వాచ్‌మన్ తోడల్లుడు చెప్పాడట. చూసినవాళ్లను స్టేషనుకు పట్టుకుపోతారని, ఆడే పిల్లలక్కూడా కళ్లకు గంతలు కడతారని, మార్తమ్మ కూతురు సలోమి తలకు అప్పుడే కొలత తీసుకున్నారని కూడా ఆమె చేర్చింది. పేరమ్మత్త మోసుకొచ్చే కబురులో సగం నిజం, సగం తాలింపు. ఏది ఏదో తేల్చుకోవడానికి నాకు మామూలుగా ఒక పూట పడుతుంది. ఈసారి నేను తేల్చుకునేలోపే కాలేజీ వాళ్లు ఆమె తాలింపును కూడా దాటిపోయారు.

కాలేజీ అంటే శ్రీ పెదసాంబయ్య స్మారక డిగ్రీ కళాశాల. మా చింతరాయిపాలెం పొలాల గట్టు దిగితే దాని ప్రహరీగోడ. అక్కడి చదువు సంగతి నేను మాట్లాడకూడదు, నేనూ అక్కడే బీయే పూర్తి చేశాను. వాలీబాల్ మాత్రం చెప్పుకోదగ్గది. మా వైపు ఊళ్లలో ఎండ చల్లబడితే చాలు, చర్చి వెనకో కళ్లంలోనో రెండు వెదురుగడలు పాతి నెట్ కట్టేస్తారు. చూసేవాళ్లు కూడా ఊరికే కూర్చోరు. షాటు కొట్టేవాడి కోసం లిఫ్టు చేసిన బంతి పైకి లేచేసరికి అరుగు మీది ముసలివాళ్ల గడ్డాలు కూడా పైకి లేస్తాయి. షాటు కింద పడ్డాకే దిగుతాయి.

సలోమి అట్లాగే చర్చి వెనక మగపిల్లల ఆటలో అవతల పడ్డ బంతి అందించడానికి నిలబడేది. ఒకనాడు ఆడేవాడొకడు రాకపోతే లోపలికి పోయింది, ఇక బయటికి రాలేదు. ఆ పిల్ల ఎగిరితే మోచెయ్యి నెట్ మీదికి వస్తుంది. ఇప్పుడు డిగ్రీ ఆఖరి సంవత్సరం. ఈ ఏడాది కాలేజీల మధ్య పోటీలు మొదటిసారి మా కాలేజీకి వచ్చాయి. యూనివర్సిటీ జట్టును ఎంపిక చేసే పెద్దలు స్వయంగా వచ్చి, ఆట చూసి, పిల్లల్ని ఏరుకుంటారు. ఆ జట్టులో చోటు దొరికితే సలోమికి ముందుముందు ఆటల టీచరు ట్రైనింగులో సీటు ఖాయం. ఈసారి దొరక్కపోతే మళ్లీ ఏడాదికి ఆమె కాలేజీలో ఉండదు. ఆ తర్వాతి మాట తల్లీ కూతుళ్లు ఎప్పుడూ పైకి అనుకోలేదు.

తల్లి మార్తమ్మది కూలిపని. కూతురు మూడేళ్లుగా ఎక్కడెక్కడో టౌన్లలో ఆడి కప్పులు తెస్తే తుడిచి అలమరలో పెట్టిందే గాని, ఒక్క ఆట కంటితో చూడలేదు. ఈసారి ఆట గోడవతలే. ఆ రోజు ఎవరు పిలిచినా పనికి రానని ఊరంతటికీ ముందే చెప్పి పెట్టుకుంది.

సరిగ్గా అప్పుడు, కాలేజీలకు మార్కులు వేసే పై మండలి నుంచి ఉత్తర్వు దిగింది. "కళాశాలయందు జరుగు కార్యక్రమములు సమాజములోని చిట్టచివరి శ్రోతకు సైతము ప్రత్యక్ష ప్రసారముగా చేరవలెను" అని అందులో మొదటి వాక్యం. వినడానికి కల్పించిన ఒక్కొక్క మార్గానికి ఇన్నేసి మార్కులని రెండో వాక్యం. చూడటానికి మార్కులేమీ లేవు. ఆడటానికి కూడా లేవు. అయితే ఆ సంగతి అప్పట్లో ఎవరూ పట్టించుకోలేదు.

ప్రిన్సిపాల్ పూర్ణానందం గారు ఆ ఉత్తర్వును స్టాఫ్ మీటింగులో నిలబడి చదివారని, చదివాక కూడా కాసేపు నిలబడే ఉన్నారని ఆటల మాస్టారు ఖాసిం మాకు చెప్పాడు. చూసేవాడు చూసి ఇంటికి పోతాడు, అతడు చూసినట్టు మన దగ్గర ఆధారమేమున్నది, వినేవాడైతే నమోదవుతాడు అన్నారట ప్రిన్సిపాల్ గారు. అంతవరకు వాటర్ కూలర్ తాళంచెవి బాధ్యత చూస్తున్న కామర్సు లెక్చరర్ హనుమత్‌ప్రసాద్ గారిని శ్రవణ సమన్వయాధికారిగా నియమించారు. ఆయన ఆ రోజు నుంచి నడక మార్చారు.

మార్గాలు పుట్టడం మొదలైంది. ముందు సెల్‌ఫోనులో యాప్ పెట్టారు. అది కాలేజీ వైఫై అందేచోటనే పనిచేస్తుంది. వైఫై ప్రిన్సిపాల్ గారి కిటికీ కింద అరటిబోదె దాకా అందుతుంది. ఆ బోదె చుట్టూ నిలబడి వినడం ఒక మార్గం. ఫోను చేసి వినేది ఇంకొకటి: సర్వీసు వినదలచినవారు ఒకటి నొక్కాలి, షాటు వినదలచినవారు రెండు నొక్కాలి, రెండూ వినదలచినవారు రెండో ఫోను ఏర్పాటు చేసుకోవాలి. లైబ్రరీలో నిశ్శబ్దం నిబంధన కాబట్టి అక్కడి స్పీకరును శబ్దం లేకుండా పెట్టి, ఎదురుగా బెంచీలు వేశారు. దీనికి మౌన శ్రవణమని పేరు. సంతకు పోయే ఉల్లిపాయల ఆటో మైకును కూడా మాట్లాడారు. ఆటో కుర్రవాడు తన బేరం మానుకోనన్నాడు. చర్చల అనంతరం ఆటా, ఉల్లిపాయలూ ఒకదాని వెంట ఒకటి చెప్పే పద్ధతిపై అవగాహన కుదిరింది.

అవి చాలలేదు. పక్క మండలం కాలేజీ వాళ్లు మనకన్నా ఎక్కువ మార్గాలు పెట్టారని ఎవరో చెవిన వేశారు. అప్పుడు హనుమత్‌ప్రసాద్ గారు పరోక్ష శ్రవణం కనిపెట్టారు. విన్నవారు విననివారికి చెబితే ఆ విననివారు కూడా విన్నట్టే. దీనికోసం ఊళ్లో విచారించి, నేరుగా మా పేరమ్మత్త ఇంటికి వచ్చి, ఆమెను గౌరవ ప్రసారకురాలిగా ఉండమని అడిగారు. ఇన్నాళ్లూ నోరు పారేసుకుంటదని ఊరంతా ఆడిపోసుకున్న మనిషి, ఆ సాయంత్రం మెళ్లో గుర్తింపు కార్డు వేసుకుని పాలకేంద్రానికి పోయింది. ఆమె మొగుడు, మా మామ, నోరు తెరవబోతే, డ్యూటీలో ఉన్నానని చెప్పిందట.

ఆ తర్వాతది సంభావ్య శ్రవణం. వినగలిగే దూరంలో ఉండి వినకపోయినవారు, వినే అవకాశం ఉన్నది కనుక, శ్రోతలే. ఇందులో పశువులను లెక్కించవచ్చునా అని మండలిని వివరణ కోరారు. వివరణ వచ్చేదాకా పాడిగేదెలను మాత్రం తాత్కాలికంగా చేర్చుకున్నారు.

ఇంత ఏర్పాటు జరిగాక ఒక చిక్కు బయటపడింది. ఆట రోజున ఊరు ఊరంతా కాలేజీకే వచ్చి కోర్టు చుట్టూ నిలబడితే, ఇక వినేదెవరు? ప్రహరీకి ఉన్న కంతలన్నీ పూడ్పించి, కోర్టు చుట్టూ నర్సరీలో కట్టే పచ్చ పరదా ఆకాశమంత ఎత్తున కట్టారు. గేటు మీద "చూచుట నిషిద్ధం, వినుట ఆహ్వానితం" అని రాయించారు.

మార్తమ్మ నా దగ్గరికి వచ్చింది. అన్నా, నువ్వా కాలేజీలో చదివినోడివి, ఒక్క మాట సాయం రా అంది. ఇద్దరం ప్రిన్సిపాల్ గారి గదికి పోయాం. ఆయన మర్యాదస్తుడు. నాకు కుర్చీ చూపించి, ఆమెకు ఫ్యాను గాలి తగిలే చోటు చూపించారు.

"చూడండమ్మా, చూడటం అనేది వ్యక్తిగత సౌకర్యం. వినడం సామాజిక భాగస్వామ్యం. మీరు లోపలికి వచ్చి చూశారనుకోండి, కళాశాల ఒక శ్రోతను కోల్పోతుంది" అన్నారు.

"వింటానే చూస్తా బాబూ. చెవులు ఇంటికాడ పెట్టి రాను గదా" అంది మార్తమ్మ.

ప్రిన్సిపాల్ గారు హనుమత్‌ప్రసాద్ గారి వైపు చూశారు. దాన్ని ద్వంద్వ గ్రహణం అంటారని, దానికి మార్గదర్శకాలు ఇంకా రూపొందలేదని ఆయన చెప్పారు.

"గోడవతల నా పిల్ల ఎగరతా ఉంటే, గోడివతల నిలబడి నేను మైకులో వినాల్నా?"

"అదేనమ్మా ప్రత్యక్ష ప్రసారం" అన్నారు ప్రిన్సిపాల్ గారు, ఒక మనిషికైనా విషయం అర్థమైనందుకు సంతోషపడుతూ.

బయటికి వచ్చాక మార్తమ్మ పచ్చ పరదా అంచు దాకా పోయి, వేలితో నేత సందు వెడల్పు చేసి చూసింది. వాచ్‌మన్ దగ్గితే చెయ్యి తీసేసింది. పోనీలే, నేను చూడకపోతే ఏం, ఏరుకునేవాళ్లు చూస్తే చాలదా అంది నాతో.

ఇక వ్యాఖ్యానం. ప్రత్యక్ష ప్రసారంలో తప్పు దొర్లితే దిద్దుకునే వీలుండదు. వీలుండదు కనుక ముందే దిద్దుకోవాలన్నారు ప్రిన్సిపాల్ గారు. వ్యాఖ్యానమంతా రాసి సమర్పించి, ఆమోదం పొంది, ఆపైన ప్రత్యక్షంగా చదవాలి. హనుమత్‌ప్రసాద్ గారు సెలవు పెట్టి రాశారు. పుట్టి బుద్ధెరిగాక వాలీబాల్ ముట్టుకోలేదు కాబట్టి ఆయన కలానికి అడ్డు లేకుండా పోయింది. మొదటి ప్రతిలో ఎదుటి జట్టు ఒక సెట్టు గెలిచింది. ప్రిన్సిపాల్ గారు ఎర్రసిరాతో కొట్టేసి, పక్కన "ఆవశ్యకత ఏమి?" అని రాశారు. రెండో ప్రతిలో ముఖ్య అతిథి రాక గురించి ప్రస్తావన లేదని తిప్పి పంపారు. మూడో ప్రతిలో బంతి గాలిలోకి లేచాక ముఖ్య అతిథి కారు దిగుతారు, దండలు వేస్తారు, రెండు మాటలు మాట్లాడతారు, అప్పుడు బంతి కిందికి వస్తుంది. అది ఆమోదం పొందింది.

ఖాసిం మాస్టారు ఉండబట్టలేక, ఆట ఇట్లాగే జరుగుద్దని ఎట్లా చెప్పగలం సార్ అని అడిగాడు. జరగకపోతే అది ఆమోదం లేని ఆట అవుతుందని, దానికి కళాశాల బాధ్యత వహించదని జవాబొచ్చింది.

ఆ రాతకు అనుగుణంగా పిల్లలకు రిహార్సలు పెట్టారు. నేను ఎరువుల కొట్టుకు పోతూ గేటు దగ్గర ఆగి విన్నాను, చూడటం నిషిద్ధం కనుక. ధబ్బుమని షాటు. వెంటనే విజిల్. హనుమత్‌ప్రసాద్ గారి గొంతు: అమ్మాయ్ సలోమీ, అప్పుడే ఎందుకు కొట్టావు? బంతి ఇప్పుడొచ్చింది గదా సార్ అని ఆ పిల్ల. బంతి రావచ్చు, నీ వంతు అవతలి పేజీలో ఉంది అని ఆయన. ఆ పిల్ల అవతలి పేజీ దాకా బంతిని ఎట్లా ఆపాలో చెప్పమంది. ఆ మాటకు సంజాయిషీ అడిగారు.

అప్పటికి ప్రసారానికి స్తంభం రావాల్సి ఉంది. స్తంభం లేనిదే తతిమ్మా మార్గాలన్నీ నోరు లేని మనుషులు. దాన్ని నిలబెట్టడానికి చదునైన నేల కావాలన్నాడు వచ్చిన ఇంజనీరు. కాలేజీ స్థలమంతా గుట్టలూ గుంటలూ. చదునుగా ఉన్నది వాలీబాల్ కోర్టు ఒక్కటే. ఖాసిం మాస్టారూ పిల్లలూ ఎండాకాలమంతా తట్టలతో మట్టి మోసి చదును చేసుకున్నది. స్తంభాన్ని కోర్టు నడిమధ్యన పాతారు. అది పడిపోకుండా నాలుగు మూలలకూ ఇనుపతాళ్లు లాగి బిగించారు. చూడముచ్చటగా ఉందని ఇంజనీరే అన్నాడు.

ఖాసిం మాస్టారు పరుగెత్తుకుంటూ ప్రిన్సిపాల్ గారి దగ్గరికి పోయాడు. ఈ భాగం ఆయన నాకు చెప్పినప్పుడు నవ్వుతాడేమో అనుకున్నాను గాని నవ్వలేదు.

"సార్, స్తంభం కోర్టులో పాతారు. ఆట ఎక్కడ ఆడాలి?"

"ఆటస్థలం ప్రసార ఉపసంఘం పరిధిలోకి రాదు. క్రీడల ఉపసంఘాన్ని సంప్రదించండి."

"క్రీడల ఉపసంఘం నేనే సార్."

"అయితే సంప్రదించండి."

కోర్టు లేని సంగతి యూనివర్సిటీకి తెలిసింది. వాళ్లు గొడవేమీ పెట్టుకోకుండా పోటీలను, ఎంపికను, అదే తేదీకి జిల్లా టౌనులో ఇంకో కాలేజీకి మార్చుకున్నారు. మా జట్టును కూడా రమ్మన్నారు. ఖాసిం మాస్టారికి ప్రాణం లేచి వచ్చింది. పిల్లలు బూట్లు తోముకున్నారు. బయల్దేరడానికి ప్రిన్సిపాల్ గారి అనుమతి ఒక్కటి కావాలి. అది లేకుండా ఏ జట్టునూ అక్కడ ఆడనివ్వరు.

ప్రిన్సిపాల్ గారు అనుమతి ఇవ్వలేదు. ప్రసారం అదే తేదీన ఖరారైంది. ఆ రోజే మండలి వారి పరిశీలక బృందం మార్గాలు చూడటానికి వస్తోంది. ప్రత్యక్ష ప్రసారం నాడు క్రీడాకారులు ఊరు దాటడం ఎట్లా కుదురుతుందని ఆయన అడిగారు.

సలోమి స్వయంగా పోయి నిలబడింది. సార్, నాకు మళ్లీ ఏడు లేదు, ఈ ఒక్కరోజు పోనివ్వండి, మీ ప్రసారం మీరు చేసుకోండి అంది.

ప్రిన్సిపాల్ గారు కళ్లజోడు తీసి తుడుచుకున్నారు. ఆయన మనసు లేని మనిషి కాదు. "అమ్మాయీ, ఆ రోజు నువ్వు ఇక్కడ ఆడుతున్నావు. ఆమోదించిన వ్యాఖ్యానంలో అడుగడుగునా నీ పేరుంది. నువ్వు ఎక్కడో ఆడుతుంటే ఇక్కడ ఆడుతున్నావని మేం చెప్పడం మోసం కాదా? ప్రజలకు మనం అబద్ధం చెప్పకూడదు తల్లీ" అన్నారు.

పోనీ ఇక్కడ ఆడేది ఎక్కడ సార్ అని ఆ పిల్ల అడిగింది. దానికి ఆయన, నువ్వు మంచి క్రీడాకారిణివి, క్రమశిక్షణ కూడా నేర్చుకుంటే పైకొస్తావు అన్నారు.

ఖాసిం మాస్టారు ఒక్కడే ముందుగా టౌనుకు పోయి, ఎంపిక చేసే పెద్దల్ని బతిమాలాడు. ఆడింది చూడకుండా ఎవర్నీ తీసుకోలేమన్నారు వాళ్లు. అందులో న్యాయముంది. ఈ కథలోని పెద్దల్లో చూస్తామన్నవాళ్లు వాళ్లొక్కరే. మర్నాడు సలోమి తన జెర్సీ ఉతికి మడత పెట్టి తెచ్చి, ఖాసిం మాస్టారి బల్ల మీద పెట్టి పోయిందట. ఆ సాయంత్రమే మార్తమ్మ మా గుమ్మం ముందుకు వచ్చి, ఎల్లుండి మా చేలో పత్తి తీతకు తానూ వస్తానంది. నువ్వా రోజు రానన్నావు గదా అన్నాను. మా పిల్ల గూడా వస్తది అంది.

ప్రసారం రోజు వచ్చింది. మా పత్తిచేను రోడ్డు వారనే ఉంటుంది. పొద్దెక్కేసరికి కూలీలు సాళ్లు పట్టారు. నడుముకు సంచి, తలకు తువ్వాలు, చేతులు కాయ మీదా సంచిలోనూ ఆడుతున్నాయి. ఉల్లిపాయల ఆటో వచ్చి మా గట్టు దగ్గరే ఆగింది. మైకు గరగరమన్నది. శ్రీ పెదసాంబయ్య స్మారక కళాశాల ప్రాంగణం నుంచి ప్రత్యక్ష ప్రసారమని హనుమత్‌ప్రసాద్ గారి గొంతు వినిపించింది. ప్రాంగణంలో స్తంభమూ, తాళ్లూ, పచ్చ పరదా ఉన్నాయి. వాచ్‌మన్ కూడా ఉన్నాడు. ఆట లేదు. అయితే ఆట లేకపోవడం ప్రసారానికి ఏ మాత్రమూ అడ్డం రాలేదు. నిజం చెప్పాలంటే అంత అంతరాయం లేని ప్రసారం ఆ కాలేజీలో మళ్లీ జరగబోదు.

"ఆహా, మన సలోమి గగనమునకెగసినది" అంది మైకు. సాల్లో కూలీలు చేతులాపి సలోమి వైపు తిరిగారు. ఆ పిల్ల వంగి, కింది కొమ్మకు అతుక్కున్న కాయలోంచి పత్తి లాగుతోంది. "పిడుగువంటి షాటు. ప్రత్యర్థులు దిగ్భ్రాంతి చెందిరి. ఉల్లిపాయలు, కర్నూలు ఉల్లిపాయలు." ఎవరో కిసుక్కున నవ్వారు. మార్తమ్మ తల తిప్పి చూసేసరికి ఆ నవ్వు ఆగిపోయింది. కాసేపటికి బంతి గాలిలో ఉండగానే ముఖ్య అతిథి కారు దిగారు. దండలు పడ్డాయి. ఆ అతిథి మోకాళ్ల నొప్పులతో తమ ఊళ్లోనే ఉన్నారని తర్వాత తెలిసింది. అయినా మైకులో ఆయన మాట్లాడాల్సిన రెండు మాటలూ మాట్లాడారు.

పేరమ్మత్త కార్డు వేసుకుని గట్టు వెంట తిరుగుతూ, విననివాళ్లెవరన్నా ఉన్నారా అని అడుగుతోంది. మా గేదె ఒకటి తలెత్తి చూసింది.

అంతలో రెండు కార్లు వచ్చి ఆగాయి. పరిశీలక బృందం దిగింది. అధ్యక్షులు పెద్దవారు, తెల్లబట్టలు, మాట మెత్తన. అరటిబోదె దగ్గర నిలబెట్టిన విద్యార్థుల్ని, లైబ్రరీలో మౌనంగా వింటున్నవాళ్లను చూసి వస్తున్నారు. ఆయన ముఖం వెలిగిపోతోంది. నలభై ఏళ్ల సర్వీసులో ఆటను ఇంత దూరం తీసుకుపోయిన కళాశాలను చూడలేదని అంటున్నారు. ఇక ఉత్తర్వులో చెప్పిన చిట్టచివరి శ్రోత ఎవరో ఒక్కరిని కలిసి మాట్లాడితే తమ పని పూర్తవుతుందన్నారు.

ప్రిన్సిపాల్ గారు చేను వైపు చెయ్యి చాపారు. దినకూలీలు, సార్, పనిచేసుకుంటూనే వింటున్నారు అన్నారు. ఆయన చూపు సాళ్ల మీదుగా పోయి మార్తమ్మను పోల్చుకుంది. ఆమె పక్క సాల్లో తువ్వాలు చుట్టుకుని వంగిన మనిషిని పోల్చుకోలేదు. నిబంధన ప్రకారం ఆ మనిషి ఊరు దాటలేదు. "మన అదృష్టం సార్. అదిగో, ఆమె కూతురే మన జట్టు కెప్టెన్. ఇప్పుడు మీరు వింటున్నది ఆ అమ్మాయి ఆటే" అన్నారు.

అధ్యక్షుల వారు పంచె అంచు ఎత్తిపట్టుకుని, నా వైపు చూసి తలూపి, గట్టు దాటి చేలోకి వచ్చారు. ఎండిన కాయల మొనలు గుచ్చుకుంటున్నా లెక్కచేయలేదు. మార్తమ్మ ఎదురుగా నిలబడి రెండు చేతులూ జోడించారు. వెనక మైకులో మన కళాశాల మూడో సెట్టు కూడా గెలిచింది. చప్పట్లు కూడా వినిపించాయి. అవి ఎక్కడివో నాకిప్పటికీ తెలియదు.

"నీ జన్మ ధన్యమమ్మా. మీ అమ్మాయి ఆటను చేలో నిలబడి ప్రత్యక్షంగా వింటున్నావు. ఎలా ఆడింది మీ అమ్మాయి?" అన్నారు.

మార్తమ్మ చేతిలో ఉన్న పత్తి సంచిలో వేసుకుంది. కొంగుతో మొహం తుడుచుకుని ఆయన కళ్లలోకి చూసింది.

"అది పొద్దుటినించీ నా పక్క సాల్లో పత్తి తీస్తంది బాబూ. ఎగిరే పిల్లని వంగబెట్టి, ఎట్టా ఎగిరిందని నన్నడగతన్నారా?"